గాలిమీది వ్రాత: ఆకాశవాణిలో బాలాంత్రపు రజనీకాంతరావు

నిలువని దానిని నీటిమీది వ్రాత అనడం మన వాడుక. కాని నీటిమీద వ్రాసేటప్పుడు, ఆ ఒక్క క్షణమైనా, వ్రేలి వెంట గీత కనిపిస్తుంది. గాలిమీది వ్రాతకు ఆ భాగ్యం కూడా లేదు. చెవికి సోకినంతసేపే దాని ఆయువు. కవి గతిస్తే కావ్యం మిగులుతుంది, శిల్పి గతిస్తే శిల్పం మిగులుతుంది. రేడియోను నమ్ముకొని జీవితమంతా గడిపిన కళాకారునికి ఏమి మిగులుతుంది? ఉదయం ఆరు గంటలకు ఆయన ప్రసారం చేసిన పాట ఏడు గంటలకు ఎక్కడ ఉంటుంది?

ఈ ప్రశ్నను ముందుంచుకొని చూడదగిన జీవితం తెలుగులో బాలాంత్రపు రజనీకాంతరావుగారిది. సాహిత్యలోకం ఆయనను 'రజని' అంటుంది. 1920 జనవరి 29న పశ్చిమ గోదావరి జిల్లా నిడదవోలులో పుట్టి, 2018 ఏప్రిల్ 22న విజయవాడలో కన్నుమూశారు. తొంభై ఎనిమిదేళ్ళు బ్రతికిన ఆ మనిషి ఉద్యోగ జీవితమంతా రేడియోలోనే గడిచింది. తెలుగునాట రేడియో పాట అని మనం దేనిని అంటున్నామో అది రూపుకట్టిన చేతులలో ఆయనవి ముఖ్యమైనవి.

అయితే రజని రేడియోలో ప్రవేశించిన నాటికి ఈ దేశంలో రేడియో ఎట్లా ఉండేదో కొంత చెప్పుకోవాలి. మద్రాసులో 1924లోనే కొందరు ఉత్సాహవంతులు ప్రెసిడెన్సీ రేడియో క్లబ్బు పెట్టి ప్రసారాలు చేశారు. డబ్బు చాలక 1927లో మూతపడింది. 1930లో ఆ పనిని మద్రాసు కార్పొరేషన్ చేపట్టింది. బొంబాయి, కలకత్తాలలో 1927లో ప్రసారాలు మొదలుపెట్టిన ప్రైవేటు కంపెనీ మూడేళ్ళలో దివాలా తీసింది. ప్రభుత్వం దానిని అయిష్టంగానే తన నెత్తిన వేసుకొన్నది. ఆ స్థితిలో 1935 ఆగస్టులో లయొనెల్ ఫీల్డెన్ అనే ఆంగ్లేయుడు కంట్రోలరుగా వచ్చాడు. ఆయన 1927 నుంచి లండన్ బి.బి.సి.లో ప్రసంగాల విభాగంలో పనిచేసినవాడు. ఇక్కడి సంస్థకు అప్పటికి ఉన్న పొడుగాటి సర్కారీ పేరు ఆయనకు నచ్చలేదు. వైస్రాయి లిన్‌లిత్‌గోను ఒక విందులో పట్టుకొని, మాటలలో పెట్టి, 'ఆల్ ఇండియా రేడియో' అనే పేరును వైస్రాయి నోటనే పుట్టినట్లు చేయించానని తన ఆత్మకథలో ముచ్చటగా చెప్పుకొన్నాడు. 1936 జూన్‌లో ఆ పేరు స్థిరపడింది. మనకు ఇష్టమైన 'ఆకాశవాణి' మాత్రం మైసూరుది. అక్కడ ఎం.వి. గోపాలస్వామి అనే మనస్తత్వశాస్త్రాచార్యుడు 1935లో తన ఇంట్లోనే ఒక చిన్న ప్రసార కేంద్రం నడిపాడు. ఆ పేరు అక్కడిది. కళాశాల అధ్యాపకులు పాఠాలు చెప్పడానికే పనికివస్తారనుకొనే మన విద్యార్థులకు ఈ సంగతి గుర్తుండడం మంచిది.

ఫీల్డెన్ అయిదేళ్ళు ఉన్నాడు. దస్త్రాల దొరతనంతో ఆయనకు ఏనాడూ పొసగలేదు. తన పనిలో తాను ఓడిపోయినట్లే ఆయన భావించుకొన్నాడు. తిరిగి వెళ్ళిన తరువాత 1943లో భారతదేశంలోని బ్రిటిష్ పాలనను తీవ్రంగా విమర్శిస్తూ పుస్తకం వ్రాశాడు. కాని ఆయన ఏరి తెచ్చుకొన్న మనుషులను చూస్తే ఓటమి అనడానికి మనసొప్పదు. ఉర్దూ విభాగపు విద్యార్థులకు 'పత్రస్' పేరు చెప్పనక్కరలేదు. ఆ హాస్యరచయిత అహ్మద్ షా బుఖారీయే ఫీల్డెన్‌కు కుడిభుజమై, 1940లో ఆయన స్థానంలోకి వచ్చాడు. సాహిత్యం తెలిసినవానిని మైక్రోఫోను దగ్గరకు పిలవాలన్న ఆ పద్ధతి దక్షిణానికి కూడా వచ్చింది.

మద్రాసు కేంద్రం 1938 జూన్ 16న మొదలయింది. ఎగ్మూరులో ఒక బంగళా దాని నివాసం. తెలుగువారికి అప్పటికి వేరే ఆకాశవాణి కేంద్రం లేదు. అరవంతో పంచుకొన్న కొద్ది గంటలలోనే తెలుగు వినిపించాలి. నిజాం రాజ్యంలో దక్కన్ రేడియో ఉన్నా దానిలో పెద్దపీట ఉర్దూదే, తెలుగుకు దొరికింది కొంచెం. అందువల్ల మద్రాసులోని ఆ చిన్న తెలుగు విభాగమే నెల్లూరు మొదలు విశాఖ దాకా తెలుగు శ్రోతలకు దిక్కయింది. పిల్లలకు రేడియో అన్నయ్య, అక్కయ్యలైన న్యాయపతి రాఘవరావు, కామేశ్వరి దంపతులు అక్కడివారే. ఆచంట జానకిరామ్‌గారు అక్కడివారే.

మన తీరానికి ఆ ప్రసారం ఎట్లా చేరేదో చెప్పుకోవడం అప్రస్తుతం కాదు. మద్రాసులో మొదట పెట్టిన మీడియం వేవ్ యంత్రం బలం 250 వాట్లు మాత్రమే. నగరానికి, చుట్టుపట్ల ఊళ్ళకు ఉద్దేశించినది. దూరప్రాంతాలకు 10 కిలోవాట్ల షార్ట్ వేవ్ యంత్రం ఉండేది. మీడియం వేవ్ పగటిపూట నేలను అంటుకొని ప్రాకుతుంది; పోయేకొద్దీ నేల దాని బలాన్ని పీల్చివేస్తుంది. షార్ట్ వేవ్ ఆకాశంలోకి లేచి, పైనున్న విద్యుదావేశపు పొరకు తగిలి, దూరాన దిగుతుంది. ఒక్కొక్కప్పుడు దగ్గరివారిని దాటవేసి దూరపువారికి వినిపిస్తుంది. ఉప్పునీరు విద్యుత్తును చక్కగా మోస్తుంది కనుక సముద్రం మీదుగా వచ్చే మీడియం వేవ్ నేలమీద వచ్చినదానికంటె దూరం నడుస్తుంది. మద్రాసు నుంచి పులికాటు, దుగరాజపట్నం మీదుగా కృష్ణపట్నం దాకా అంచంతా ఉప్పునీరే. తరువాతి కాలంలో పెద్ద యంత్రాలు వచ్చాక మన తీరగ్రామాలలో మద్రాసు అంత స్పష్టంగా పలకడానికి బంగాళాఖాతం చేసిన సాయం కూడా ఒక కారణం. వాయుగుండం వార్తకోసం ట్రాన్సిస్టరును చెవికి ఆనించుకొని కూర్చున్న జాలరికి ఈ శాస్త్రం తెలియకపోవచ్చు, ఫలితం మాత్రం తెలుసు.

ఇక రజని. తండ్రి బాలాంత్రపు వేంకటరావుగారు. ఓలేటి పార్వతీశంగారితో కలిసి 'వేంకట పార్వతీశ కవులు'గా ప్రసిద్ధులు. 'ఏకాంతసేవ' ఆ జంటకవుల కృతి. బంగాళీ నవలలను తెలుగువారికి అలవాటు చేసిన వారిలో వారు మొదటి వరుసలోనివారు. పిఠాపురంలో పెరిగిన పిల్లవానికి ఇంటిలో కవిత్వం, సంస్థానంలో సంగీతం, రెండూ ఒకే గాలిలో దొరికాయి. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో తెలుగు ఆనర్సు చదివి, 1941లో మద్రాసు రేడియోలో చేరారు. ఇరవై ఒక్క సంవత్సరాల వయస్సు.

ఆనాటి స్టూడియోలో పని ఎట్లా ఉండేదో ఈనాటి విద్యార్థి ఊహించుకోవడం కష్టం. టేపు రికార్డరు ఇంకా రాలేదు. డిస్కులపై ముద్రించే సాధనం ఉన్నా అది ఖర్చుతో కూడినది, అరుదైనది. అరగంట సంగీత రూపకమంటే గాయకులు, వాద్యకారులు, నటులు అందరూ ఒకే గదిలో, ఒకటి రెండు మైక్రోఫోనుల చుట్టూ నిలబడి, గడియారపు ముల్లును చూస్తూ అప్పటికప్పుడు ప్రసారం చేయవలసినదే. ధ్వని పెంచాలంటే గాయకుడు ఒక అడుగు ముందుకు, తగ్గించాలంటే ఒక అడుగు వెనుకకు. తప్పు పలికితే దిద్దుకొనే వీలు లేదు. కాగితం తిరగవేసిన చప్పుడు కూడా ఊరూరా వినిపిస్తుంది.

మరొక చిక్కు గొంతుది. మన రంగస్థలానిది పద్యనాటకపు గొంతు. రాత్రి పదింటికి మొదలై తెల్లవార్లూ సాగే నాటకంలో, చివరి వరుసలో చాపమీద కూర్చున్నవానికి వినపడేటట్లు పై షడ్జమంలో ఎత్తి, అరనిమిషం రాగం తీస్తేనే ఈలలు. మైక్రోఫోను ముందు ఆ గొంతు భరింపరానిది. రేడియో శ్రోత వేయిమందిలో ఒకడు కాడు. తన ఇంట్లో, తన కుర్చీలో కూర్చున్న ఒక్క మనిషి. అతనితో మాట్లాడవలసిన దూరం మూడడుగులు. కచేరీ సంగీతానిది వేరొక కష్టం. అక్కడ రాగానిది రాజ్యం, సాహిత్యం దాని పల్లకి మోస్తుంది. కొత్త కవిత్వం వ్రాస్తున్న తరానికి మాట స్పష్టంగా చెవిని చేరడం ముఖ్యం. నాటక పద్యమూ కాక, కచేరీ కీర్తనా కాక, మూడు నాలుగు నిమిషాలలో మాటను, స్వరాన్ని సమానంగా మోసే మూడవ రకపు పాట కావలసివచ్చింది. దానినే మనం ఇప్పుడు లలిత సంగీతం అంటున్నాము. అది ఒక్కరి సృష్టి కాదు. దేవులపల్లి కృష్ణశాస్త్రిగారు రేడియోకు పాటలు వ్రాశారు. ఎందరో బాణీలు కట్టారు. అయితే పాటను వ్రాసి, స్వరపరచి, పాడించి, అవసరమైతే తానే పాడి, దానిచుట్టూ వ్యాఖ్యానం కూడా తానే వ్రాయగలవాడు రజని. పూర్వులు అటువంటి వానిని వాగ్గేయకారుడన్నారు. ఆయన గేయాల సంపుటి 'శతపత్ర సుందరి' చదివితే, పుస్తకంలో ఉన్నప్పుడు కూడా ఆ మాటలు స్వరం కోసం ఎదురుచూస్తున్నట్లే ఉంటాయి. చదువుకొనే కవిత్వంగా దానిని విమర్శించినవారు ఈ సంగతి మరచిపోయారని నా అభిప్రాయం.

1947 ఆగస్టు 15. స్వాతంత్ర్యోదయ వేళ మద్రాసు కేంద్రం వినిపించిన తెలుగు దేశభక్తి గీతాలు రజని వ్రాసి స్వరపరచినవి. వాటిలో ఒకటి టంగుటూరి సూర్యకుమారి కంఠంలో తెలుగుదేశమంతా మారుమ్రోగింది. ఇరవై ఏడేళ్ళ యువకునికి అటువంటి అవకాశం ఎంత గొప్పదో చెప్పనక్కరలేదు. తరువాత ఆ పాటలు పాఠశాలల ప్రార్థన సమావేశాలకు ఎక్కాయి. పాడిన పిల్లలలో ఎందరికి ఆ కవి పేరు తెలుసు? సినిమాలోనూ ఇదే కథ. 1945లో వచ్చిన 'స్వర్గసీమ'లో భానుమతి పాడిన పావురపు పాట బాణీ రజనిది. ప్రభుత్వోద్యోగి కనుక తెరమీద పేరు వేసుకొనే వీలులేకపోయింది. రేడియో ఆయనకు జీతం ఇచ్చింది, శ్రోతలను ఇచ్చింది. పేరును మాత్రం కొంత దాచుకొన్నది.

1948 డిసెంబరు 1న విజయవాడ కేంద్రం వచ్చింది. తెలుగు ఇక ఎవరితోనూ గంటలు పంచుకోనక్కరలేదు. 1952లో కేంద్రమంత్రి కేస్కర్‌గారు ఆకాశవాణిలో సినిమా పాటలకు తలుపు మూశారు. శ్రోతలు ముల్లును సిలోను వైపు త్రిప్పారు; 1957 అక్టోబరులో 'వివిధభారతి' పెట్టి ఆ తలుపు మళ్ళీ తెరవవలసివచ్చింది. ఆ నిషేధం రసికత లేని పని అనే నేనూ అంటాను. కాని సినిమా పాట ఖాళీ చేసిన వేళలను నింపడానికి ప్రతి కేంద్రానికీ లలిత సంగీతం కావలసివచ్చింది, దానికి వ్రాసేవారు, పాడేవారు ఏర్పడ్డారు. ఒక చెడ్డ నిర్ణయం నీడలో ఒక మంచి పంట పండింది. శ్రీరంగం గోపాలరత్నం, మంగళంపల్లి బాలమురళీకృష్ణ వంటి గొంతులు విజయవాడ కేంద్రం నుంచి ఇంటింటికీ వచ్చాయి.

ఉదయపు 'భక్తిరంజని'ని తీర్చిదిద్దిన వారిలో రజని ముఖ్యులు. కీర్తనలేకాక తత్త్వాలు కూడా, పండితుల చేతనే కాక పామరుల నోట నిలిచినవి కూడా అందులో వచ్చేవి. ఇక్కడ ఒక స్వవిషయం చెప్పుకోవడానికి పాఠకులు అనుమతించాలి. మా నానీ ఫజర్ నమాజు ముగించి తస్బీహ్ త్రిప్పుకొంటూ అరుగుమీద కూర్చునే వేళకు పొరుగింటి రేడియోలో భక్తిరంజని మొదలయ్యేది. మా ఇంట గడియారం ఆగిపోయినా ఆమెకు బెంగ లేదు. "రంజని అయిపోయింది, పాలు దించు" అనేది. తెలుగు చదవను వ్రాయను రాని ఆ మనిషికి నేను ఎం.ఏ.లో చదువుకొన్న తత్త్వాలు కొన్ని రాగంతో సహా వచ్చు. నేర్పినవారు ఎవరో ఆమెకు తెలియదు.

1970వ దశకం పూర్వార్ధంలో రజని విజయవాడ కేంద్రానికే డైరెక్టరు అయ్యారు. ఉషశ్రీ గొంతులో 'ధర్మసందేహాలు' తెలుగునాట మారుమ్రోగింది ఆ కాలంలోనే. ఆయన సంగీత రూపకం 'కొండనుంచి కడలిదాకా' జపాన్‌లో అంతర్జాతీయ బహుమతి పొందింది. 1978లో బెంగుళూరు కేంద్రంలో పదవీ విరమణ చేశారు. ఉద్యోగపు వివరాలు ఇంతకంటె పొడిగించడంలో సారం లేదు. సారమంతా ఆయన ఉద్యోగం చేస్తూ వ్రాసిన ఒక పుస్తకంలో ఉన్నదని నేననుకొంటున్నాను.

అది 1958లో వెలువడిన 'ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము'. 1961లో దానికి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి లభించింది. పాట కట్టిన తెలుగువారి చరిత్ర అది. నేను మొదట దానిని పరీక్షకోసం చదివాను. చాలా కాలం తరువాత, వ్రాసినది ఒక రేడియో మనిషి అని గుర్తుంచుకొని మళ్ళీ చదివినప్పుడు అందులో వేరొక ఆరాటం కనిపించింది. పాట ఎట్లా బ్రతుకుతుంది?

అన్నమయ్యను తీసుకొందాం. 1408లో పుట్టి 1503లో గతించిన ఆ మహానుభావుడు 32,000 సంకీర్తనలు చెప్పాడని సంప్రదాయం. కుమారులు, మనుమలు వాటిని రాగిరేకులపై చెక్కించి తిరుమల ఆలయంలో ఒక అరలో భద్రపరచారు. శతాబ్దాలపాటు ఎవరూ చూడలేదు. ఇరవయ్యవ శతాబ్దంలో వెలికితీసి పరిష్కరిస్తే పన్నెండు వేలకు పైగా దొరికాయి. రేకుమీద సాహిత్యం ఉన్నది, రాగం పేరు ఉన్నది, స్వరం లేదు. మాట బ్రతికింది, బాణీ పోయింది. రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మగారు మొదలు రేడియో విద్వాంసుల దాకా ఎందరో వాటికి కొత్తగా స్వరాలు కట్టవలసివచ్చింది. ఈనాడు మనం వినే అన్నమయ్య సగం అన్నమయ్యే.

క్షేత్రయ్యది దీనికి మారుకథ. ఆయనకు రాగిరేకులు లేవు. పదిహేడవ శతాబ్దంలో మువ్వగోపాల ముద్రతో వేల పదాలు చెప్పాడు. గోల్కొండ పాదుషా కొలువులో పదిహేను వందల పదాలు చెప్పినట్లు ఆయన పదమే ఒకటి పలుకుతుంది. మొత్తం మీద దొరికినవి కొన్ని వందలే. అవి దొరికింది ఎక్కడ? దేవదాసీల నోళ్ళలో, వారి అభినయపు వ్రేళ్ళలో. సంఘం ఏ స్త్రీలను చిన్నచూపు చూసిందో ఆ స్త్రీలే మాటను, బాణీని కలిపి మూడువందల ఏళ్ళు మోసుకొని వచ్చారు. క్షేత్రయ్యపై రజని ప్రత్యేకంగా ఒక పుస్తకమే వ్రాశారు. త్యాగరాజస్వామికి శిష్యులున్నారు, పరంపరలుగా చీలి, పాఠాంతరాలతోనైనా కాపాడుకొన్నారు.

రాగిరేకు, అభినేత్రి కంఠం, శిష్యుని గొంతు. ఈ మూడింటి చరిత్రను ఓపికగా కూర్చినవాడు పగలంతా చేసిన పని, వీటిలో ఏ ఒక్కటీ లేని పని! ఆయన పాటకు రేకు లేదు, పరంపర లేదు. తొలినాళ్ళ ప్రసారాలు చాలావరకు డిస్కుమీద కూడా ఎక్కలేదు. టేపు వచ్చిన తరువాత కూడా, టేపు ఖరీదైనది కనుక, ఒకదానిని చెరిపి దానిపై మరొకటి ముద్రించడం ప్రపంచంలోని రేడియోలన్నిటికీ అలవాటు, బి.బి.సి. వంటి సంస్థే తన పాత కార్యక్రమాలనేకం ఆ విధంగా పోగొట్టుకొన్నది. మన అదృష్టం కొద్దీ ఆకాశవాణి భాండారాలలో కొన్ని ధ్వనిముద్రలు నిలిచాయి. రజని చివరి సంవత్సరాలలో శ్రోతలు తమ ఇళ్ళలో దాచుకొన్న క్యాసెట్లు వెలికితీశారు. కాని 1941 నుంచి తొలి పది పన్నెండేళ్ళలో రేడియోలో ఆయన చేసినది చాలావరకు ఆయన పుస్తకాలలో అక్షరమాత్రంగానే మిగిలింది. అన్నమయ్యలాగే, మాట ఉన్నది, మైక్రోఫోను ముందు అది పలికిన తీరు లేదు. తనకూ ఈ గతి పడుతుందని తెలిసే ఆ చరిత్ర వ్రాశారా? ఆయన ఆ మాట అన్నట్లు నేను ఎక్కడా చదవలేదు. వాగ్గేయకారుల చరిత్రలో ఒక్కొక్కరి పాటలు ఎన్ని పోయాయో, ఎన్ని దొరికాయో ఆయన లెక్కపెట్టిన తీరు చూస్తే మాత్రం, ఇది లోపల ఎక్కడో గుచ్చుకొన్నవాడి లెక్క అనిపిస్తుంది.

నాలుగవ భాండారం ఒకటి ఉన్నది. దానిని ఏ పండితుడూ లెక్కలోకి తీసుకోలేదు. రేడియోలో పాటను ఒక్కొక్క పాదంగా, నెమ్మదిగా, రెండు మూడుసార్లు చెప్పి నేర్పే కార్యక్రమాలుండేవి. శ్రోతలు, అందులోనూ స్త్రీలు, నోటుపుస్తకం ముందు పెట్టుకొని వ్రాసుకొనేవారు. అల్లూరులో మా పొరుగింటి టీచరమ్మగారి దగ్గర అటువంటి పుస్తకం ఉన్నది. మా నానీకి గడియారమైన ఆ రేడియో వారిదే. మొన్న సెలవులకు పోయినప్పుడు అడిగితే, ట్రంకుపెట్టె అడుగునుంచి తీసి ఇచ్చారు. నలభై పుటల రూళ్ళ పుస్తకం. అట్టకు పాత క్యాలెండరు కాగితం తొడుగు. పాటలు వరుసగా ఉన్నాయి. పాదం క్రింద తనకు తోచిన గుర్తులు వేసుకొన్నారు: గొంతు పైకి పోవలసిన చోట గీత పైకి, దిగవలసిన చోట క్రిందికి, ఆగవలసిన చోట చుక్క. సంగీతం నేర్చుకొన్నవారు కారు. గుర్తులు మాత్రం సరిగ్గా ఉన్నాయి. ఆ గీతలు చూస్తూ రెండు పాటలు పాడి వినిపించారు కూడా. డెబ్భై దాటిన గొంతు పైస్థాయిలో కొంచెం వణికింది.

పుస్తకమంతా తిరగవేశాను. రచన ఎవరిదో, స్వరకల్పన ఎవరిదో ఒక్క పాటకూ వ్రాసిలేదు. ఎందుకని అడిగాను.

"పేరు ముందే చెప్పేస్తారయ్యా. నేను పొయ్యి మీద కూర దించి, చెయ్యి తుడుచుకొని, పెన్సిలు వెదుక్కొని వచ్చేసరికి పాట మొదలయ్యేది" అన్నారు.